బొబ్బర్లంక తర్వాతది

నిడదవోలు,
2 సెప్టెంబరు 2024, సోమవారం

అత్తయ్యకి శాంతికుమార్ వందనాలు.

ఇక్కడ అందరం క్షేమం. క్రిస్టినాకి మోకాలి నొప్పి తగ్గింది. మూడు రోజులుగా ముసురు. షాపులో పని తక్కువ.

శనివారం రాజమండ్రి నుంచి సుప్రియ గారని ఒక కాలేజీ లెక్చరర్ వచ్చారు. పాత సినిమా ప్రొజెక్టర్ మోటారు తెచ్చారు. వైండింగ్ కాలిపోయింది. ఈ మోటారు చూడటం నాకు ఇదే మొదలు. విప్పి చూసి, అవుతుందన్నాను.

విప్పుతుండగా ఆవిడ చెప్పారు. మద్రాసులో ఒక ఇంటి అటక మీద పాత ఫిల్ము చుట్ట దొరికిందట. 1929లో తీసిన ‘మరకత ద్వీపం’ అనే మూకీ, అంటే మాటల్లేని సినిమా. అందులో నాలుగు నిమిషాల ముక్క మాత్రమే చెడిపోకుండా ఉంది. నవంబరు 30న రాజమండ్రిలో దాని ప్రదర్సన. నటుల పేర్లతో చిన్న పుస్తకం కూడా వేస్తున్నారు. అది నవంబరు 10న అచ్చుకి వెళుతుంది. బాగుచేసిన ప్రొజెక్టర్ హాలు గుమ్మం దగ్గర అందరూ చూసేలా పెడతారట.

తాత మూకీల్లో వేసేవాడని నాన్న ఒకసారి అన్నాడు. అంతకు మించి నాకు తెలియదు. అందుకని ఆవిడతో ఏమీ అనలేదు. సినిమాల్లో తాత పెట్టుకున్న పేరు ఏంటో మీకు గుర్తుంటే రాయండి.

ఆశాజ్యోతిని అడిగానని చెప్పండి.

ఇట్లు,
శాంతికుమార్

———

రాజమండ్రి,
6-9-2024

చిరంజీవి శాంతికి మేనత్త దీవెనలు.

‘ప్రదర్సన’ కాదు, ‘ప్రదర్శన’. నలభై ఏళ్ళు అచ్చాఫీసులో సీసపు అక్షరాలు పేర్చినదాన్ని. తిరగేసి ఉన్న అక్షరంలోనే తప్పు పట్టినదాన్ని. నీ బాల్‌పెన్ను నన్ను దాటి ఎక్కడికి పోతుంది?

ముందు తిట్టాల్సింది తిడతాను. ఆవిడ నీ ఎదురుగా కూర్చుని మూకీల గురించి చెబుతుంటే, “మా తాత కూడా వేశాడండీ” అనే ఒక్క మాట నీ నోట రాలేదా? నాకంటే చెవుల్లేవు. నీకు ఏం లేదురా?

మా నాన్న పోయేనాటికి మీ నాన్న రాజరత్నానికి నాలుగేళ్ళు. వాడు నీకు చెప్పడానికి వాడి దగ్గర ఏముంది? నాకు పదకొండు. నాకు తెలిసింది రాస్తాను, జాగ్రత్తగా చదువు.

మీ తాత దేవసహాయం మొదట కాలవ లాంచీలో పనిచేసేవాడు. రేవు వచ్చినప్పుడల్లా దాని పేరు కేకేసి జనాన్ని దింపడం ఆయన పని. ఇరవై మూడేళ్ళప్పుడు రావులపాలెం అరటిగెలల వెంట మద్రాసు వెళ్ళాడు. అక్కడ ఏదో చెరువులో సినిమా తీస్తున్నారట. హీరో గారు గెడ వేస్తుంటే పడవ ఉన్నచోటే గిర్రున తిరుగుతోందట. ఒడ్డున నిలబడి చూసి చూసి, ఈయన ఉండబట్టలేక, “గెడ అలా కాదు బాబూ, ఒడ్డు వైపు పొడవాలి” అని కేకేశాడు. వాళ్ళకి తెలుగు అర్థమైందో లేదో గానీ, లాక్కెళ్ళి హీరో బట్టలు తొడిగి, వెనక్కి తిప్పి నిలబెట్టి పడవ నడిపించారు. అదీ మొదలు.

ఐదేళ్ళు, ఏడు సినిమాలు. మూడింట్లో పడవవాడు. ఒకదాంట్లో సైనికుడు, ఒకదాంట్లో వైకుంఠంలో ద్వారపాలకుడు, ఒకదాంట్లో ఋషి శపిస్తే రాయైపోయే శిష్యుడు. ఇంకోదాంట్లో పులి వెనక కాళ్ళు. అన్నిట్లోకీ అదే కష్టమని చెప్పేవాడు. ముందుకాళ్ళ వాడు ఎటు పోతున్నాడో వెనక కాళ్ళ వాడికి తెలియదట.

తర్వాత టాకీలొచ్చాయి. పాడితేనే వేషం అన్నారు. ఈయనకి వచ్చినవి చర్చి పాటలే. ఒకటి అందుకున్నాడట. సగం చరణం కాకముందే మైకు దగ్గరున్నాయన చెవులకి పెట్టుకున్నది తీసి బల్ల మీద పెట్టేశాడట. మర్నాడు రైలెక్కి వచ్చేశాడు. ఇక్కడ సంఘ పెద్దలు పంచాయితీ పెట్టారు. వైకుంఠానికి కాపలా కాశావా అని ఏడాది వెనక బల్ల మీద కూర్చోబెట్టారు. పంచాయితీ అయ్యాక ఒక పెద్దాయన పక్కకి పిలిచి, “కుడివైపు నిలబడ్డావా, ఎడమవైపా?” అని అడిగాడట.

సినిమాల్లో ఆయన పేరు పాల్‌రాజ్. నాన్న నాకు స్వయంగా చెప్పాడు. వెళ్ళి ఆవిడకి చెప్పు.

ఒక సంగతి నీకు మాత్రమే. ఆయన ఫోటో ఒక్కటే ఉండేది, ఎనభై ఆరు వరదలో పోయింది. ఇప్పుడు కళ్ళు మూసుకుంటే నాన్న నుదురు కనిపిస్తుంది, కళ్ళు కనిపిస్తాయి. నోరు కనిపించదు. మనుషుల పెదాలు చూసి మాట తెలుసుకుని బతికినదాన్ని, నాకు మాట నేర్పిన పెదాలే గుర్తు రావడం లేదు. ఆ నాలుగు నిమిషాల్లో ఆయన ఉంటే ఒక్కసారి చూడాలి. ఆ పుస్తకంలో ఆయన పేరు అచ్చులో ఉండాలి. ఈ రెండూ నువ్వే చూడాలి.

వచ్చి మాట్లాడతానని మాత్రం బయల్దేరకు. నీ మీసం పుణ్యమా అని నీ మాట ఒక్కటీ నాకు కనపడదు. పోయినసారి వచ్చి గంట కూర్చున్నావు. తాటాకు చూరు కింద ఎలక కదిలినట్టుంది తప్ప ఒక్క ముక్క అందలేదు. ఆశ ఫోన్‌కి మెసేజ్ కూడా వద్దు. నువ్వు పంపేది బొటనవేలు బొమ్మ. ఉత్తరంలోనే నువ్వు మనిషిలా మాట్లాడతావు.

నీ అత్త
సువార్తమ్మ

———

నిడదవోలు,
18 సెప్టెంబరు 2024, బుధవారం

అత్తయ్యకి వందనాలు.

మోటారు పూర్తయింది. శుక్రవారం రాజమండ్రి తీసుకెళ్ళి ఇచ్చాను. మీరు చెప్పినట్టు సుప్రియ గారికి తాత సంగతి చెప్పాను. చాలా సంతోషించారు. వెంటనే పేర్ల జాబితా తీశారు.

అందులో పాల్‌రాజ్ లేడు. పడవవాడు అన్నచోట బాలరాజ్ అని ఉంది. పాత ప్రకటన కాగితం ఒకటి చూపించారు. అందులోనూ బాలరాజ్. ఆయన తిరునెల్వేలి మనిషని మద్రాసులో ఎవరో చెప్పారట. ఆవిడకి కూడా గట్టి నమ్మకం లేదు. కానీ వేరే ఆధారం దొరికే వరకు అలాగే వేస్తామన్నారు. సినిమా ముక్క ముందుగా బయటికి ఇవ్వకూడదని షరతు ఉందట. పడవవాడి బొమ్మ ఒకటి కాగితం మీద తీసి ఇచ్చారు. ఇందులో పెట్టాను, చూడండి.

ఆదివారం మన ఊరి చర్చికి వెళ్ళాను. పాస్టర్ విజయ్ పాల్ గారు సమాధుల రిజిస్టరు తీశారు. ‘లాకుల దేవసహాయం, మూగ. వయసు 47. జ్వరం. 11 జూన్ 1950’ అని ఉంది.

అత్తయ్యా, అడగక తప్పడం లేదు. తాత మూగవాడా? మూగవాడైతే లాంచీలో రేవుల పేర్లు ఎలా కేకేశాడు? చర్చి పాట ఎలా పాడాడు? ఒకవేళ మూకీల్లోకి మూగవాళ్ళనే తీసుకునేవారా? తెలియక అడుగుతున్నాను.

వర్షాలు తగ్గాయి.

ఇట్లు,
శాంతికుమార్

———

రాజమండ్రి,
23-9-2024

శాంతికి,

మూకీల్లో మూగవాళ్ళే వేస్తారా! అయితే టాకీల్లో వాగుడుకాయలు వేస్తారా? పులి వేషం పులే వేస్తుందా? ఆశకి చదివి వినిపిస్తే అన్నం ముందు కూర్చుని పొలమారేలా నవ్వింది. నాకు నవ్వు రాలేదు. మా నాన్నని మూగవాడంటావా?

విను. నాకు ఐదేళ్ళప్పుడు జ్వరమొచ్చి చెవులు పోయాయి. అప్పటి నుంచి ఊళ్ళో ప్రతివాళ్ళూ నాతో అరవడమే. అరిస్తే మనిషి నోరు వంకరపోతుంది, ఒక్క మాట అందదు. నాన్న ఒక్కడే గొంతు ఆపేశాడు. “దానికి అక్కర్లేని గొంతు నాకెందుకే” అని అమ్మతో అన్నాడట. నాతో పెదాలతోనే మాట్లాడేవాడు. నెమ్మదిగా, ఒక్కో అక్షరం కనపడేలా. ఐదేళ్ళు కెమెరా ముందు చేసిన పనే కదా అది. సంతలోనూ అంతే, చర్చి మెట్ల మీదా అంతే. అలవాటు ముదిరి ఊళ్ళోవాళ్ళతోనూ సగం రోజులు అలాగే మాట్లాడేవాడు. కల్లుపాక ముందు నిలబడి శబ్దం లేకుండా పోట్లాడిన మనిషిని ఆయన్ని ఒక్కణ్ణే చూశారట జనం. కొత్తగా వచ్చిన పాస్టరు ఎవరో మూగవాడనుకుని రాసి పెట్టాడు.

నాకు ఆయన నేర్పిన మొదటి పాఠం ఏంటో తెలుసా? లాంచీ రేవులు. “బొబ్బర్లంక. తర్వాతది. ఆత్రేయపురం. లొల్ల. దిగండి, దిగండి.” బొబ్బర్లంక తర్వాత పేరవరం. ఆ రేవులో ఆయన్ని కుక్క కరిచింది. ఆ రోజు నుంచి ఆ ఊరి పేరు నోట అనలేదు, ‘తర్వాతది’ అని కేకేసేవాడు. పేరవరం వాళ్ళు చచ్చినట్టు దిగేవాళ్ళు. సినిమాల్లో నోరు కదిపితే చాలు, ఏదో ఒకటి అనవయ్యా అనేవాళ్ళట. రాజకుమారి ముందైనా రాక్షసుడి ముందైనా ఇదే అన్నానని చెప్పి నవ్వేవాడు. ఇలాంటివాణ్ణి పట్టుకుని మూగ!

నువ్వు పంపిన బొమ్మ చూశాను. భూతద్దం పెట్టి చూశాను. ఆ తలపాగా, ఆ గడ్డం, చీపురుకట్టలాంటి ఆ మీసం తీసేస్తే మిగిలేది రెండు కళ్ళు. అవి ఎవరివైనా కావచ్చు.

తిరునెల్వేలి ఆయనైతే ఆయన పేరే వేసుకోమను. ఇక నువ్వు కూడా ఆవిడ చుట్టూ తిరగకు. నాన్న నాకు నోటితో చెప్పాడు, పాల్‌రాజ్ అని. మూడుసార్లు చెప్పాడు. నేను కళ్ళారా చూశాను. నమ్మితే నమ్ము, లేకపోతే రిజిస్టరుని నమ్ముకో.

సువార్తమ్మ

———

(కార్డు)
రాజమండ్రి,
8-10-2024

శాంతికి,

రెండు వారాలైంది. జవాబు లేదు. ముసలిది ఊహించుకుని రాస్తోంది అనుకున్నావేమో. అనుకో. ఒంట్లో బాగుందని మాత్రం ఒక ముక్క రాయి. ఆశ నీకు పూతరేకులు పంపమంటోంది, చిరునామా మారలేదు కదా?

సు.

———

నిడదవోలు,
14 అక్టోబరు 2024, సోమవారం

అత్తయ్యకి వందనాలు.

ఒంట్లో బాగుంది. చిరునామా అదే. మిమ్మల్ని నమ్మక రాయకపోవడం కాదు. ఒకటి తేల్చుకుని రాద్దామనుకున్నాను. ఇన్ని రోజులు పట్టింది.

మీ ఉత్తరంలో ‘నోటితో చెప్పాడు, కళ్ళారా చూశాను’ అని ఉంది. ఆ మాట దగ్గర ఆగిపోయాను. మీరు ఆ పేరు వినలేదు, చూశారు. చూసిన పేరుకీ విన్న పేరుకీ తేడా ఏమైనా ఉంటుందా అని ఆలోచన వచ్చింది. మోటారైతే విప్పి చూస్తాను. మాటని ఎలా విప్పాలో తెలియలేదు. చివరికి అద్దం ముందు కూర్చున్నాను.

మొదట ఏమీ కనపడలేదు. అద్దానికీ మాటకీ మధ్య అడ్డం ఒకటి ఉంది. పది రోజులు ఆలోచించి ఆ అడ్డం తీసేశాను. క్రిస్టినా రెండు రోజులు నవ్వింది. మూడో రోజు నుంచి మామూలుగానే అన్నం పెడుతోంది.

అప్పుడు కనపడింది. ‘పాల్‌రాజ్’ అన్నాను. పెదాలు ఒకసారి మూసుకుని తెరుచుకున్నాయి. ‘బాలరాజ్’ అన్నాను. అలాగే మూసుకుని అలాగే తెరుచుకున్నాయి. ‘మాలరాజ్’ అన్నా అంతే. ప, బ, మ మూడూ అద్దంలో ఒకటే. వింటేనే తేడా. క్రిస్టినాని ఎదురుగా కూర్చోబెట్టి, గొంతు లేకుండా ఇరవైసార్లు అనిపించాను. ఏది ఏదో నాకు ఒక్కసారీ తెలియలేదు. తను మధ్యలో ఒకసారి నన్ను తిట్టింది. అదీ తెలియలేదు.

మీకు ఇది ముందే తెలిసి ఉంటుంది. అయినా అడుగుతున్నాను. తాత చెప్పింది బాలరాజ్ అయి ఉండొచ్చా? ఇంట్లో అందరూ రత్నాలూ పాల్‌లూ కాబట్టి, మీరు పాల్‌రాజ్ అనుకున్నారా?

తప్పుగా అడిగితే క్షమించండి.

ఇట్లు,
శాంతికుమార్

———

రాజమండ్రి,
18-10-2024

నా తండ్రీ శాంతీ,

ఉత్తరం చదివి కాగితం ఒళ్ళో పెట్టుకుని అలాగే కూర్చున్నాను. ఆశ వచ్చి ఏమైందమ్మా అని భుజం పట్టుకుని కుదిపింది. ఏమైందని చెప్పను? డెబ్భై ఎనిమిదేళ్ళుగా కన్నతండ్రిని తప్పు పేరుతో పిలుస్తున్నానని చెప్పనా?

తెలుసురా. ప, బ, మ ఒకటేనని నాకు తెలియక కాదు. ఆశ చిన్నప్పుడు ‘పాలు’ అడిగిందో ‘బాలు’ అడిగిందో తెలియక, ఒక చేత్తో గ్లాసు, ఒక చేత్తో బంతి పట్టుకుని వెళ్ళేదాన్ని. ఎదుటివాళ్ళు ఏమంటారో ముందే ఊహించుకుని సరిపెట్టుకోవడమే నా చదువు. కానీ ఆ పేరు నేర్చుకున్నది ఏడేళ్ళప్పుడు. అప్పటికి నాకు తెలిసిన ప్రపంచంలో అందరూ పాల్‌లే. పాస్టరు పాల్, పోస్టుమాస్టరు పాల్, మేక పేరు కూడా పాలే. మా నాన్న బాలరాజ్ అనే పేరు పెట్టుకుంటాడని నాకెలా తట్టాలి?

ఇంకో ఘోరం చెప్పనా? డెబ్భై అయిదులో సంఘం వాళ్ళు సావనీరు వేశారు. అందులో నాన్న గురించి నాలుగు ముక్కలు రాసి, నేనే అక్షరాలు పేర్చాను. ‘పాల్‌రాజ్ అను పేర ప్రఖ్యాతుడు’ అని. నలభై ఏళ్ళలో నా చేతి కింద ఒక్క అచ్చుతప్పు పోలేదని అందరికీ చెప్పుకున్నాను. పోయింది ఒక్కటీ సొంత తండ్రి పేరు! ఇకనుంచి నీ ‘ప్రదర్సన’ జోలికి రాను. అంటే, ఈ నెల రాను.

కానీ నువ్వు ఇది కనిపెట్టినంత మాత్రాన ఆయన తిరునెల్వేలి మనిషి కాకుండా పోడు. బాలరాజ్‌లు ఇద్దరు ఉండొచ్చు. ఆ సినిమా ముక్క చూడనిస్తారేమో అడుగు. బయటికి ఇవ్వరు గానీ, వాళ్ళ దగ్గరే కూర్చుని చూస్తామంటే కాదనరు కదా. నన్ను తీసుకెళ్ళమని అడగను. చూసి, ఆయన కాకపోతే తట్టుకోలేను. ముందు నువ్వు చూడు.

అద్దం ముందు ఏదో అడ్డం తీశానని రాశావు. ఏం అడ్డం? పరదాయా? నీ ఉత్తరాల్లో సగం మాటలు నీ నోట్లోనే ఉండిపోతాయి.

దీవెనలతో
అత్తయ్య

———

నిడదవోలు,
29 అక్టోబరు 2024, మంగళవారం

అత్తయ్యకి వందనాలు.

ఆదివారం వెళ్ళాను. సుప్రియ గారు కంప్యూటరులో చూపించారు. మొత్తం నాలుగు నిమిషాల పది సెకన్లు. పడవవాడు ఉన్నది నలభై సెకన్లు. నెమ్మదిగా నడిపించి పదకొండుసార్లు చూశాను.

రాజకుమారి పడవలో ఏడుస్తూ ఉంటుంది. పడవవాడు గెడ వేస్తూ ఆమె వైపు తిరిగి మాట్లాడతాడు. తర్వాత తెర మీద అక్షరాలు వస్తాయి. ‘రాజపుత్రీ, భయము వలదు! నా కంఠమున ప్రాణముండగా నిన్ను తాకువాడు లేడు’ అని. ఆ మాటకీ ఆయన పెదాలకీ పొంతన లేదు. ‘భయము’ అంటే పెదాలు మూసుకోవాలి కదా. మూసుకోవాల్సిన చోట మూసుకోలేదు.

గడ్డం ఉంది కానీ నోరు కొంత కనిపిస్తుంది. పెట్టుడు మీసం ఎడమవైపు ఊడి జారుతోంది. ఆ వైపు నుంచి చూశాను. నాకు మాట చదవడం రాదు. పెదాలు ఎన్నిసార్లు మూసుకున్నాయో మాత్రం లెక్కపెట్టాను. వైండింగ్‌లో చుట్లు లెక్కపెట్టినట్టే.

మొదట రెండుసార్లు మూసుకున్నాయి. తర్వాత ఒక మాట, అందులో అసలు మూసుకోలేదు. తర్వాత ఒక పొడుగు మాట, చివర్లో రెండుసార్లు. తర్వాత నాలుక రెండుసార్లు పళ్ళ వెనక పైకి వెళ్ళింది, పెదాలు కదల్లేదు. తర్వాత ఒకే మాట రెండుసార్లు.

బొబ్బర్లంకలో రెండు. తర్వాతదిలో ఏమీ లేదు. ఆత్రేయపురంలో పు, రం, రెండు. లొల్లలో రెండు ల లు. దిగండి, దిగండి. పేరవరం అని ఉంటే మూసుకోవడంతో మొదలయ్యేది. మూసుకోలేదు.

మీ సెప్టెంబరు 23 ఉత్తరం జేబులో ఉంది. తీసి సుప్రియ గారికి ఇచ్చాను. ఆవిడ కవరు మీద పోస్టు ముద్ర తేదీ చూశారు, నేను సినిమా చూడకముందుదే. ఉత్తరం చదివారు. మళ్ళీ సినిమా నడిపించారు. ఆవిడది రావులపాలెం. “అయ్యో రామా, మా ఊరి కాలవండీ ఇది! రాజకుమారిని లొల్లలో దిగిపొమ్మంటున్నాడండీ!” అని కుర్చీలోంచి లేచిపోయారు. తిరునెల్వేలి మనిషికి పేరవరంలో కుక్క ఎందుకు కరుస్తుంది అన్నారు. ఆ మాట కూడా పుస్తకంలో వేస్తామన్నారు. మీ ఉత్తరం ఫోటో తీసుకున్నారు.

పేరు ఇలా వేస్తున్నారు. ‘పడవవాడు: బాలరాజ్ (లాకుల దేవసహాయం), గోదావరి జిల్లా’. ప్రూఫు ఇందులో పెట్టాను. మీరు దిద్దితేనే అచ్చుకి పంపుతానని చెప్పాను.

చివరి ‘దిగండి’ తర్వాత ఇంకో మాట కూడా అంటున్నాడు. అది నాకు అందలేదు. ఆ మాట మీరే చూడాలి.

30న మధ్యాహ్నం మూడింటికి వచ్చి మిమ్మల్ని తీసుకెళతాను.

ఇట్లు,
శాంతికుమార్

———

రాజమండ్రి,
2-12-2024

నా శాంతికి,

మొన్న మనం కలిసే ఉన్నాం, నాలుగు గంటలు పక్కపక్కనే కూర్చున్నాం. అయినా ఈ ఉత్తరం రాయకుండా ఉండలేను. చెప్పాలంటే నాకు గొంతు ఎక్కువ, వీధంతా వింటుంది. రాస్తే నీకు ఒక్కడికే.

శనివారం మధ్యాహ్నం చీర కట్టుకుని రెండింటికే కూర్చున్నాను. పుస్తకం వచ్చింది కదా, ఆ పేజీ తీసి వేలితో తడిమి చూసుకున్నాను. ఇప్పటి అచ్చులో అక్షరం చేతికి తగలదు. అయినా తడిమాను. పేరులో తప్పు లేదు. ‘గోదావరి’లో దీర్ఘం సరిగ్గా ఉంది. మూడవుతుండగా గుమ్మం దగ్గర ఎర్ర లైటు వెలిగింది. ఎవరైనా బెల్లు కొడితే వెలిగేలా నువ్వు పెట్టిందే. లేచి తలుపు తీశాను.

నాన్న నిలబడి ఉన్నాడు.

అబద్ధం కాదురా. తలుపు రెక్క పట్టుకుని నిలబడిపోయాను. ఆ పై పెదవి, మధ్యలో ఆ చిన్న నొక్కు, కుడివైపు కాస్త కిందికి దిగిన ఆ మూల. నవ్వబోయి మానేసినట్టుండే ఆ నోరు. ఫోటో పోయినప్పటి నుంచి ఎంత వెతికినా దొరకనిది, నా మేనల్లుడి మీసం కింద పెట్టుకుని తిరుగుతున్నావా! చిన్నప్పుడు నీ మొహం చూశాను గానీ, అప్పుడది పాలు తాగే నోరు. నోటికి వయసు రావాలి కదా. వచ్చేసరికి దాని మీద చూరు దించావు.

అప్పుడు నువ్వు “బయల్దేరదామా అత్తయ్యా” అన్నావు. నలభై ఏళ్ళలో మొదటిసారి నీ మాట చూశాను. ఏడ్చానని ఆశతో అనకు, కంట్లో నలక పడిందని చెప్పాను. ‘అద్దానికీ మాటకీ మధ్య అడ్డం’ అట! మీసం గీసుకున్నానని రాయడానికి నీకు సిరా తక్కువైందా?

ఇక సినిమా. నువ్వు లెక్కపెట్టింది నిజం. బొబ్బర్లంక, తర్వాతది, ఆత్రేయపురం, లొల్ల, దిగండి, దిగండి. నాకు పాఠం చెప్పినట్టే, అదే నెమ్మది. ఆ రాజకుమారి అంత ఏడుస్తుంటే ఈయన రేవులు చెబుతున్నాడు. గడ్డమూ తలపాగా పోగా నాన్న నోరు సగమే కనిపించింది. మిగతా సగం నా పక్క కుర్చీలో ఉంది. అటు చూస్తూ ఇటు చూస్తూ పూర్తి చేసుకున్నాను.

నీకు అందని ఆ చివరి మాట నాకు అందింది. అందుకే అంత గట్టిగా నవ్వాను. రెండు వందల మంది వెనక్కి తిరిగి చూశారు. ఎంత గట్టిగా నవ్వానో నాకు తెలియదు కదా, నువ్వే నా చెయ్యి పట్టుకున్నావు. సుప్రియ గారు మైకు తెచ్చి, “ఏమన్నారండీ నాన్నగారు?” అని అడిగితే చెప్పాను. అప్పుడు హాలంతా నవ్వారు. ఆ నవ్వు నా కుర్చీ చేతుల్లోంచి తెలిసింది. నీ చెవికి అందిందో లేదో, ఇక్కడ మళ్ళీ రాస్తాను. మా నాన్న, కంఠమున ప్రాణముండగా రాజకుమారిని కాపాడతానని శపథం చేసిన మహావీరుడు, అసలు అన్న మాట ఇది:

“మీసం ఊడిపోయింది బాబూ, ఆపండి.”

ఎవరూ ఆపలేదు. తొంభై అయిదేళ్ళు పట్టింది ఆ మాట ఎవరికైనా అందడానికి.

మళ్ళీ పెంచావంటే మాత్రం నేనే వచ్చి గీస్తాను.

నీ అత్తయ్య
లాకుల సువార్తమ్మ,
బాలరాజ్ గారి అమ్మాయి

———

నిడదవోలు,
5 డిసెంబరు 2024, గురువారం

అత్తయ్యకి వందనాలు.

ఉత్తరం అందింది. పెంచను.

ప్రదర్శన రోజు మీకు చెప్పాలనుకున్నవి కొన్ని ఉన్నాయి. హాల్లో కుదరలేదు. ఉత్తరంలో రాయాలంటే పొడవు. ఆదివారం ఆరాధన అయ్యాక పాసింజరుకి వస్తాను. సాయంత్రం దాకా ఉంటాను. మీకు ఎదురుగా, వెలుతురు నా మొహం మీద పడేలా కూర్చుంటాను. పూతరేకులు నేనే ఆత్రేయపురం వెళ్ళి తెస్తాను. వెళ్ళేటప్పుడు పేరవరం మీదుగా వెళతాను. కుక్క ఉంటే చెబుతాను.

‘ప్రదర్శన’ ఈసారి చూసి రాశాను.

పొద్దున్న అద్దం ముందు గీసుకుంటూ బొబ్బర్లంక అన్నాను. తర్వాతది అన్నాను. అద్దంలో ఆయన కూడా అన్నాడు. క్రిస్టినా వంటింట్లోంచి, “ఎవరితోనండీ మాటలు?” అని కేకేసింది.

“తాతతో” అన్నాను. గొంతు తీయలేదు కాబట్టి తనకి వినపడలేదు.

మీ
శాంతి